ట్రక్కు రేసుల్లోకి వస్తానంటున్న మేనల్లుడికి

చిరంజీవి కార్తీక్‌కు మామయ్య ఆశీస్సులు.

సిమ్యులేటర్ వదిలి నిజం రేసుల్లోకి దిగుతానంటున్నావని మీ అమ్మ ఫోనులో కంగారుపడింది. నీ చేత మాన్పించమని అడిగింది. ఆ పని నేను చేయను. అయితే రేసు వర్క్‌షాపుల్లో షాక్ అబ్జార్బర్లు విప్పుతూ, బిగిస్తూ జుట్టు నెరిసినవాణ్ణి కదా, ఒక్క మాట విను. డ్రైవరు సీటు తర్వాత, ముందు ఏదో ఒక వర్క్‌షాపులో చోటు సంపాదించుకో.

రాన్ హోర్నడే జూనియర్ సంగతే చూడు. అమెరికాలో నాస్కార్ సంస్థ నడిపే పికప్ ట్రక్కుల సిరీస్‌లో 51 విజయాలు, నాలుగు టైటిళ్ళు: 1996, 1998, 2007, 2009. అంతకుముందు 1992, 1993లలో సౌత్‌వెస్ట్ టూర్ అనే ప్రాంతీయ సిరీస్ గెలిచినా పెద్ద జట్లేవీ పిలవలేదు. టూసాన్‌లో అతని రేసు టీవీలో చూసి నాస్కార్ దిగ్గజ డ్రైవరు డేల్ ఎర్న్‌హార్ట్ ఫోన్ చేస్తే, ఎవరో ఆటపట్టిస్తున్నారనుకుని పెట్టేశాడు! 1995లో ట్రక్కు సిరీస్ మొదలైనప్పుడు ఎర్న్‌హార్ట్ జట్టు ట్రక్కు ఎక్కేనాటికి హోర్నడేకి 36 ఏళ్ళు. పంతొమ్మిదికే ఆలస్యమైపోయిందని నువ్వు దిగులుపడటం చూస్తే నవ్వొస్తోంది.

హోర్నడే నార్త్ కరోలినాలో స్థిరపడ్డాక, కాలిఫోర్నియా నుంచి అవకాశాల కోసం వచ్చే కుర్రాళ్ళకు తన ఇంట్లో సోఫా ఇచ్చేవాడు. తర్వాత నాస్కార్ ఛాంపియన్లైన కెవిన్ హార్విక్, జిమ్మీ జాన్సన్ అలా తలదాచుకున్నవాళ్ళే. తర్వాత హార్విక్ సొంత జట్టు పెట్టి హోర్నడేనే డ్రైవరుగా తీసుకున్నాడు. చివరి రెండు టైటిళ్ళూ ఆ జట్టులోనే వచ్చాయి. 2009లో, 51 ఏళ్ళ వయసులో, వరుసగా ఐదు రేసులు గెలిచాడు. ఈ పరిచయాలు బయటి నుంచి దొరకవు, గ్రీజు చేతులతోనే దొరుకుతాయి.

వర్క్‌షాపు అనడానికి ఇంకో కారణం ఉంది. ముందు చక్రాలు తిరగనని మొండికేస్తే టైట్, వెనుక భాగం జారితే లూజ్. ఇంతవరకు ఎవరైనా చెబుతారు. మలుపులోకి దిగేటప్పుడా, మధ్యలోనా, యాక్సిలరేటర్ నొక్కి బయటపడేటప్పుడా? కొత్త టైర్ల మీదా, అరిగాకా? ఇవి చెప్పగలిగే డ్రైవరు కోసం క్రూ చీఫ్‌లు, అంటే బండిని సిద్ధం చేసే బృందాల పెద్దలు, కాచుకుని ఉంటారు. 'ట్రక్కు బాగాలేదు' అని రేడియోలో అరిచేవాడితో మేమేం చేయాలి? స్ప్రింగు మార్చాలా, టైరులో గాలి తగ్గించాలా? ఆ జారుడు ముందు నడుముకు తెలుస్తుంది. నీ సిమ్యులేటర్ కుర్చీ ఆ విద్య నేర్పదు.

గెలుపు పిచ్చి కూడా తగ్గించుకో. ఇదే ట్రక్కు సిరీస్‌లో మాట్ క్రాఫ్టన్ 2019లో ఒక్క రేసూ గెలవకుండానే ఛాంపియన్ అయ్యాడు. ఆ పద్ధతి నాకు నచ్చదు, అది వేరే సంగతి. కానీ వారం వారం బండిని గోడకు కొట్టకుండా ఇంటికి తెచ్చేవాడంటే యజమానులకు ప్రాణం.

మెడ రక్షణ పరికరం విషయంలో మాత్రం బేరాలు లేవు. 2001 ఫిబ్రవరిలో డేటోనా రేసు ప్రమాదంలో ఎర్న్‌హార్ట్ అంతటివాడు పోయాక, ఆ అక్టోబరులో నాస్కార్ దాన్ని తప్పనిసరి చేసింది. చిన్న ట్రాకే కదా, ప్రాక్టీసే కదా అని నువ్వు తీసేసినట్టు తెలిస్తే మీ అమ్మ పక్షం చేరిపోతాను.

స్పాన్సర్ దొరకలేదని మీ నాన్న రిటైర్మెంటు సొమ్ము జోలికి వెళ్ళకు.

సెలవుల్లో ఇక్కడికి రా. హికరీ ట్రాకులో లేట్ మోడల్ రేసులు, అంటే చిన్న ట్రాకుల మీద జరిగే కార్ల రేసులు, చూద్దాం. తెలిసినవాళ్ళ వర్క్‌షాపులో నేల ఊడ్చే పని ఇప్పిస్తాను. జీతం ఉండదు. పాత బూట్లు తెచ్చుకో.

ఇట్లు,
నీ మామయ్య