బేకరీ సీను గురించి

అమ్మాయీ,

ఫ్రాన్సులోని లియాన్ నుంచి నువ్వు పంపిన కామెడీ స్క్రిప్టు రాత్రి ఒంటిగంట దాకా కూర్చుని చదివాను. కోపం వచ్చింది. ఈఫిల్ టవర్, చంకలో పొడుగు బ్రెడ్డు, మాటకొకసారి సమ్మె. ఇవి రాయడానికి రెండేళ్లు అక్కడ ఉండాలా?

కానీ పదకొండో పేజీలో బేకరీ సీను ఉంది చూడు. నీ కథలోని అమ్మాయి నేరుగా బ్రెడ్డు అడుగుతుంది, కౌంటర్లో ఆవిడ మొహంలోకి చూసి "బోన్‌జూర్" అంటుంది, ఈ పిల్ల మళ్లీ బ్రెడ్డే అడుగుతుంది, ఆవిడ మళ్లీ "బోన్‌జూర్", వెనక క్యూ పెరిగిపోతుంటుంది. పలకరించకుండా పని అడిగితే అక్కడ మనిషి కింద లెక్కే లేదని అరపేజీలో చూపించేశావు. అంతలోనే ఆ సీను వదిలేసి టవర్ దగ్గరికి పరిగెత్తావెందుకు?

కామెడీకి ఒక్కటే చోటు కావాలి, కదలకూడదు. 2001లో ఫ్రెంచి టీవీ ఎం6 ఛానల్లో మొదలైన 'కామెరా కఫే' సీరియల్ చూడు. కెమెరా ఆఫీసు కాఫీ మెషీన్ లోపల ఉంటుంది, అంతే, ఇక కదలదు. బాసు ఉంటే ఒక గొంతు, వెళ్లగానే ఇంకో గొంతు, అన్నీ దాని ముందే. 'లే గిన్యోల్' అనే టీవీ షోలో బొమ్మల గురించి అడిగావు కదా, 1988 నుంచి 2018 దాకా అక్కడి నాయకుల్ని ఉతికి ఆరేసిన ఆ రబ్బరు బొమ్మలకీ ఆధారం ఒక న్యూస్ డెస్కే.

ఒకప్పుడు నేను మండలాఫీసు వరండాలో ఒక్క బెంచీ మీద పదమూడు ఎపిసోడ్లు రాశాను. ఛానల్ వాళ్లు "బెంచీ మీద ఎంతసేపండీ, ఒక పాటకి అరకు వెళ్దాం" అన్నారు. ఇంట్లో గాజులు తాకట్టులో ఉన్న రోజులు. అయినా ఒప్పుకోలేదు, సీరియల్ పోయింది. అవుట్‌డోర్ లేకపోతే జనం చూడరనే ఆ మాట ఇప్పటికీ వింటున్నాను, ఇప్పటికీ ఒళ్లు మండుతుంది.

ఇంకోటి. ఫ్రెంచిలో 'తు', 'వూ' ఉన్నాయి, మన నువ్వు, మీరు లాగా. ఇంగ్లీషులో రాసేవాడికి లేని అదృష్టం నీకుంది. నువ్వేమో అందరిచేతా 'మీరు' అనిపించేశావు! ఎవరు ఎవర్ని ఏ రోజున 'వూ' నుంచి 'తు'లోకి దింపారు, ఎవరు ఆ గీత దాటనివ్వలేదు, ఆ సమాజం మొత్తం అందులోనే ఉంది.

క్యూలో వెనకున్న ముసలాయన ఆ పిల్లకి ఏదో చెప్పాడని రాశావు, ఏం చెప్పాడో రాయలేదు. 'తు' అన్నాడా, 'వూ' అన్నాడా? ముందు ఆ ఒక్క మాట రాసి పంపు.