సినిమాల వల్ల, బాధితుల మాటల వల్ల ఏమన్నా మారుతదా అంటే, నేను చూసింది ఇది

రేప్ మీద సినిమాలు తీసినా, బాధితురాలే కెమెరా ముందుకొచ్చి చెప్పుకున్నా జనం రెండ్రోజులు బాధపడి మర్చిపోతరు గదా, ఏం ఫాయిదా అని అడిగిన్రు మీరు. నేను దేవరకొండ దిక్కు ఒక ఆడపిల్లల హాస్టల్ స్కూల్ల టీచర్‌గ చేసిన. ఫాయిదా ఉంటది, కండ్లార చూసిన, కానీ ఏ కథ చెప్తున్నం అన్నదే అసలు సంగతి.

2019 నవంబర్ల దిశ ఘటన, అంటే ఒక పశువుల డాక్టరమ్మను రేప్ చేసి చంపిన ఘటన, అయినప్పుడు మా పిల్లలకు వారం దాక నిద్రల్లేవు. శంషాబాద్ టోల్‌గేటు, షాద్‌నగర్ కాడ చటాన్‌పల్లి, పాలమూరు బస్సులన్నీ పోయే తొవ్వనే అది. ఆ ఆదివారం ఒక తండ్రి వచ్చి ఇగ చదువు చాలు మేడం అని పెట్టె సర్దించి బిడ్డను తీస్కపోయిండు. ఆ డాక్టరమ్మ ఫొటో, అసలు పేరు మేం అందరం స్టేటస్ పెట్టుకున్నం, బాధితురాలెవరో బయటపెట్టుడు నేరమని నాకప్పుడు తెల్వదు. డిసెంబర్ 6న నిందితులు నలుగుర్ని ఎన్‌కౌంటర్ చేసిన్రు అనంగనే స్టాఫ్‌రూంల మిఠాయి పంచితే నేను గూడ తిన్న, పోలీసులు చంపాల్ననే కాల్చిన్రని సుప్రీంకోర్టు వేసిన కమిషన్ 2022ల తేల్చినప్పుడు ఆ మిఠాయే యాదికొచ్చింది.

అంత ఏడ్చినం, అంత అరిచినం, కానీ ఒక్క పిల్ల వచ్చి తన గురించి ఒక్క ముక్క చెప్పలే. ఎందుకంటే ఆ కథల దుర్మార్గుడు రాత్రిపూట రోడ్డు మీదుండే తెల్వనోడు. అదే ఏడాది భువనగిరి దిక్కు హాజీపూర్ల లిఫ్ట్ ఇస్తనని పిల్లల్ని బండెక్కించుకొని రేప్ చేసి చంపినోడు ఆ ఊరోడే, నల్లగొండ కోర్టు 2020 ఫిబ్రవరిల ఉరిశిక్ష వేసింది, అయినా మనం చెప్పుకునేటప్పుడు "ఊరోడు" అన్న మాట మీద ఆగం. ఏటేటా నేరాల లెక్కలు చూడున్రి, రేప్ కేసులల్ల వందకు తొంభైకి పైగా తెలిసినోళ్లే.

ఆ ఎండాకాలం రాకముందే మా హాల్ల గోడకు దుప్పటి కట్టి పిల్లలకు ఒక కార్టూన్ సినిమా చూపిచ్చినం. పది నిమిషాలది. నాయిన దోస్తు చాక్లెట్లు తెచ్చి పిల్లను ఇబ్బంది పెడ్తడు, పిల్ల అమ్మకు చెప్తది, అమ్మ నమ్ముతది. అంతే కథ. రాత్రి అన్నాలైనంక నల్లా కాడ ఎనిమిదో తరగతి పిల్ల కడిగిన ప్లేటునే మళ్ల మళ్ల కడుగుతుంది, నేను పోంగ నా దిక్కు చూడకుండ "మేడం, గా బొమ్మల ఉన్నోడు నాయిన దోస్తు గాకుండ సొంత మేనమామ అయితే గూడ చెప్పొచ్చా?" అన్నది. చెప్పొచ్చు బిడ్డా అన్న. ప్లేటు కింద పెట్టింది.

అసలు ఇబ్బంది అటెన్క. స్టేషన్ల ఒకాయన పరువు పోతది, ఇంట్ల మాట్లాడుకోండి అన్నడు. పిల్లల మీద లైంగిక దాడులు ఆపేటందుకు పోక్సో చట్టం 2012 నుంచి ఉంది, తెలిసి గూడ చెప్పకపోతే మాదే నేరమైతది సార్ అని గట్టిగ అనాల్సొచ్చింది. పిల్లల హెల్ప్‌లైన్ 1098కి ఫోన్ చేసినంక మహిళా ఎస్సై యూనిఫాం లేకుండ వచ్చి మా స్కూల్లనే కూసొని రాసుకున్నది.

మా అమ్మతోని కలిసి "నా బంగారు తల్లి" చూసిన, 2013ది, జాతీయ అవార్డొచ్చింది. ఊరంత గౌరవించే తండ్రే లోపల అమ్మాయిల్ని అమ్ముతుంటడు. ఆ సినిమా ఎనకున్న, అమ్ముడుపోయిన ఆడపిల్లల్ని కాపాడే సునీతా కృష్ణన్ గారు పదిహేనేండ్లప్పుడు తన మీద జరిగిన రేప్ గురించి పేరుతోని, మొహంతోని, తల దించకుండ చెప్తది. మా అమ్మ శానాసేపు మాట్లాడలే, తర్వాత వాళ్ల నాయనమ్మను దొర బిడ్డ ఎంబడి ఆడబాపగ, అంటే ఆ ఇంటి మగోళ్లు గూడ వాడుకునే వెట్టి దాసిగ, అత్తగారింటికి తోలిన సంగతి మొదటిసారి చెప్పింది, డెబ్బై ఏండ్ల మనిషి, కొంగు నోట్లె కుక్కుకొని.

గందుకే మీ ఊర్ల, మీ బడిల ఏదన్న చూపిస్తే అయిపోంగనే లైట్లేసి అందర్ని పంపకున్రి. ఒక గంట ఆడనే తిరుగుతుండున్రి, నల్లా కాడ, మెట్ల కాడ. 1098, ఆడోళ్ల హెల్ప్‌లైన్ 181 నంబర్లు గోడ మీద పెద్దగ రాయించున్రి, బాధల ఉన్న ఆడోళ్లకు సాయం చేసే సఖి సెంటర్ నల్లగొండల ఉంది, పాలమూరుల గూడ ఉంది.