కుటుంబాన్ని అడగడమంటే ఎవరిని అడగడం?

మీరు ఎం.ఎస్.డబ్ల్యూ. (సోషల్ వర్క్‌లో పీజీ) చివరి ఏడాదిలో ఉన్నారు. తాగుడుకు అలవాటుపడిన మగవాళ్ళ కుటుంబాల మీద ప్రాజెక్టు చేస్తున్నారు. వందమంది చేత ప్రశ్నావళి నింపిస్తే చాలని గైడు అన్నారు. దాంతో ఫ్యామిలీ థెరపీ (ఇంట్లోవాళ్ళను కూడా కలుపుకుని చేసే మానసిక చికిత్స) పనిచేస్తుందో లేదో తేలుతుందా అన్నది మీ ప్రశ్న. తేలదు. ఎందుకు తేలదో, మీకున్న ఆరు నెలల్లో ఏం చేయొచ్చో నాకు ఎదురైన దాన్నిబట్టి చెప్తాను.

సైకియాట్రిక్ సోషల్ వర్క్‌లో ఎం.ఫిల్. చేసేటప్పుడు స్కిజోఫ్రీనియా (భ్రమలు, లేని మాటలు వినిపించడం ఉండే తీవ్రమైన మానసిక జబ్బు) ఉన్నవాళ్ళ కుటుంబాల మీద నేను పనిచేశాను. ఓపీ బయట బెంచీ మీద కూర్చుని, పేషెంటు వెంట ఎవరొస్తే వాళ్ళచేత స్కేలు (జవాబులకు మార్కులు వేసే ప్రశ్నల పట్టిక) నింపించాను. రెండు నెలల తర్వాత ఆ కాగితాలన్నీ ముందేసుకుని చూస్తే ముప్పాతిక వంతు తల్లులవే. నా టైటిల్‌లో ‘కుటుంబం’ అని ఉంది, చేతిలో ఉన్నవేమో తల్లుల మాటలు. ఒకరోజు కూలి పోయినా ఫర్వాలేదనుకుని పొద్దున్నుంచి సాయంత్రం దాకా ఆస్పత్రిలో కూర్చునేది వాళ్ళే కాబట్టి వాళ్ళే నా శాంపుల్ అయిపోయారు. భార్యలు, తమ్ముళ్ళు, నెలనెలా డబ్బు పంపే అక్కలు అందులో లేరు.

అప్పుడు ఇళ్ళకు వెళ్ళడం మొదలుపెట్టాను. మొదట వెళ్ళిన ఇళ్ళలో ఒకటి నాకిప్పటికీ కళ్ళముందే ఉంది. అత్తగారు నులకమంచం మీద కూర్చున్నారు. కోడలు గడప దగ్గర చేటలో మినప్పప్పు బాగుచేస్తోంది. కొడుకు లోపల పడుకుని ఉన్నాడు. “మాత్రలు ఎవరు వేస్తారమ్మా?” అని అడిగాను. “నేనే, రాత్రి అన్నం తిన్నాక దగ్గరుండి వేస్తాను” అన్నారు అత్తగారు. చేట మీద కోడలి చెయ్యి ఒక్కక్షణం ఆగింది. మళ్ళీ కదిలింది. నేను ఫారం మీద ‘మందులు క్రమంగా వాడుతున్నారు: అవును’ అని టిక్కు పెట్టుకున్నాను.

ఆటో ఎక్కించడానికి కోడలు రోడ్డుదాకా వచ్చింది. “అత్తమ్మ ఇచ్చిన మాత్ర ఆయన బుగ్గలో దాచుకుని దొడ్లోకి వెళ్ళి ఉమ్మేస్తారు మేడం. అందుకని పొద్దున మజ్జిగలో నేను కలిపిస్తున్నాను. ఆవిడకు తెలియదు, చెప్పకండి” అంది.

ఆ ఇద్దరినీ విడివిడిగా కూర్చోబెట్టి నా ఫారం ఇచ్చినా ఇద్దరూ ‘అవును’ అనే టిక్కు పెట్టేవాళ్ళు. కంప్యూటర్‌లో ఆ ఇంటి డేటా చక్కగా సరిపోయేది. ఏదో ఒకరోజు ఆయన తల్లి ఇచ్చిన మాత్ర మింగితే మాత్రం డోసు రెట్టింపవుతుంది. ఎవరు ఎవరికి తెలియకుండా ఏం మోస్తున్నారన్నదే ఆ ఇంటి విషయం. అది ఏ ఒక్కరి జవాబులోనూ లేదు, ఇద్దరి జవాబులకూ మధ్య ఉంది. (తర్వాత ఆమెను ఒప్పించి డాక్టరుగారికి చెప్పాను. ఆయన ముగ్గురినీ పిలిచి మాట్లాడి, మాత్రలకు బదులు నెలకోసారి ఇంజెక్షన్‌కు మార్చారు.)

కాబట్టి ఏ స్కేలు వాడాలన్నది తర్వాతి సంగతి. మీ అధ్యయనంలో కుటుంబం అంటే ఎవరన్నది ముందు తేల్చుకోండి. జనాభా లెక్కల్లో ఒకే వంటగదిలో తినేవాళ్ళు ఒక కుటుంబం. మన ఊళ్ళలో ఒకే కప్పు కింద రెండు కుంపట్లు ఉంటాయి. లెక్కలో అవి రెండిళ్ళు, పోట్లాటలో ఒక్కటే. డల్లాస్‌లో ఉన్న అన్నయ్య ఏ లెక్కలోనూ ఉండడు కానీ తమ్ముణ్ణి డీఅడిక్షన్‌లో చేర్చాలా వద్దా అన్నది ఆయన ఫోన్ వచ్చాకే తేలుతుంది. దీనికి నాకు బాగా పనికొచ్చింది జీనోగ్రామ్. మగవాళ్ళకు చతురస్రం, ఆడవాళ్ళకు వృత్తం, పోయినవాళ్ళకు ఇంటూ గుర్తు వేసి మూడు తరాల చిత్రం గీస్తాం. అమెరికన్ సైకియాట్రిస్టు మర్రే బోవెన్ పద్ధతి నుంచి వచ్చింది. ప్రశ్నలు వేస్తే ముడుచుకుపోయేవాళ్ళు కూడా కాగితం మీద తమ వంశం గీస్తుంటే దగ్గరికి జరిగి “ఇక్కడ మా చిన్నమామ ఉండాలి, ఆయనా తాగి తాగే పోయాడు” అని వాళ్ళే వేలుపెట్టి చూపిస్తారు. మీ అంశానికి అంతకంటే మంచి మొదలు నాకు తట్టడం లేదు.

ఇప్పుడు థెరపీ పనిచేస్తుందా అన్న మాట. ఈ రంగంలో నాకు బాగా నచ్చిన పరిశోధన ఒకటుంది. 1950ల్లో లండన్‌లో జార్జ్ బ్రౌన్ అనే సోషియాలజిస్టు, మానసిక ఆస్పత్రుల నుంచి ఇంటికి పంపిన మగవాళ్ళలో ఎవరికి జబ్బు తిరగబెడుతోందో చూశాడు. అద్దె గదుల్లో ఉన్నవాళ్ళకంటే తల్లిదండ్రుల దగ్గరికో, భార్య దగ్గరికో వెళ్ళినవాళ్ళకే ఎక్కువగా తిరగబెట్టింది. తల్లిదండ్రుల వల్లే జబ్బు వస్తుందని ఆయన అక్కడికక్కడ తీర్పు చెప్పలేదు. ఇంట్లోవాళ్ళు పేషెంటు గురించి ఎలా మాట్లాడుతున్నారో కొలిచే ఇంటర్వ్యూ తయారుచేశారు. దానికి క్యాంబర్‌వెల్ ఫ్యామిలీ ఇంటర్వ్యూ అని పేరు. అందులో బంధువుతో విడిగా మాట్లాడి, టేపులో రికార్డు చేసి, విమర్శలు ఎన్ని, శత్రుత్వం ఉందా, అతిగా అల్లుకుపోవడం ఉందా, ఆప్యాయత ఎంత అని లెక్కకడతారు. ఇందులో విమర్శ, శత్రుత్వం, అతిగా అల్లుకుపోవడం ఎంతుందో దాన్ని ‘ఎక్స్‌ప్రెస్డ్ ఎమోషన్’ (బయటికి వ్యక్తమయ్యే భావోద్వేగం) అన్నారు. అది ఎక్కువగా ఉన్న ఇళ్ళలో తొమ్మిది నెలల్లోపు జబ్బు తిరగబెట్టడం ఎక్కువని 1972లో ఒకసారి, 1976లో మరోసారి తేలింది.

అంతవరకు అది సంబంధం మాత్రమే. జబ్బు ముదిరిన మనిషి ఇంట్లో ఉంటేనే విమర్శలు పెరుగుతాయేమో, ఎవరు చెప్పొచ్చారు? ఆ అనుమానం తీర్చడానికి బ్రిటిష్ సైకియాట్రిస్టు జూలియన్ లెఫ్, ఆయన సహచరులు అలాంటి ఇళ్ళనుంచి 24 మంది పేషెంట్లను తీసుకుని లాటరీ పద్ధతిలో రెండు గుంపులు చేశారు. రెండు గుంపులకూ మందులు సమానమే. ఒక గుంపు కుటుంబాలకు మాత్రం జబ్బు గురించి వివరించడం, బంధువులందరినీ కలిపి గ్రూపుగా కూర్చోబెట్టడం, ఇంటికే వెళ్ళి మాట్లాడటం అదనంగా చేశారు. తొమ్మిది నెలల్లో మామూలు గుంపులో 50 శాతం మందికి తిరగబెట్టింది. ఈ గుంపులో 9 శాతం మందికే. 1982లో అచ్చయింది. ఇరవై నలుగురంటే చిన్న లెక్కే, దాని మీద ఇల్లంతా కట్టేయకూడదు. కానీ పోల్చడానికి ఇంకో గుంపు ఉంది, ఎవరు ఏ గుంపో పరిశోధకుల ఇష్టం కాలేదు, ముందూ తర్వాతా చూశారు. మీ గైడు చెప్పిన వందలో ఈ మూడూ లేవు.

తాగుడు విషయంలో ఇది మరీ ముఖ్యం. కుటుంబం మన దగ్గరికి ఎప్పుడొస్తుంది? పెద్ద గొడవ జరిగాక, చెయ్యి విరిగాక, ఉద్యోగం పోయాక. అంతకంటే కిందికి పోవడానికి చోటు లేనప్పుడు వచ్చినవాళ్ళు నెల తర్వాత ఏ థెరపీ లేకున్నా కొంత తేరుకునే కనిపిస్తారు. పోల్చడానికి ఎవరూ లేకపోతే ఆ తేరుకోవడమంతా థెరపీ ఖాతాలో పడుతుంది.

ఈ లండన్ ఇంటర్వ్యూను చండీగఢ్‌లో వాడినప్పుడు అక్కడి సైకియాట్రిస్టు ఎన్.ఎన్. విగ్, లెఫ్ బృందం ముందు చేసిన పని చూడండి. హిందీలో విన్న విమర్శనూ ఆప్యాయతనూ లండన్‌లో లెక్కకట్టినట్టే కట్టగలుగుతున్నారా అని రేటింగ్ చేసేవాళ్ళకు శిక్షణ ఇచ్చి సరిచూసుకున్నారు. ఆ తర్వాతే ఇళ్ళకు వెళ్ళారు. 1987లో వచ్చిన ఫలితాల ప్రకారం, ఎక్కువ ఎక్స్‌ప్రెస్డ్ ఎమోషన్ ఉన్న బంధువులు లండన్‌తో పోలిస్తే అక్కడ బాగా తక్కువ. ఏడాదిలో జబ్బు తిరగబెట్టడంతో గట్టిగా ముడిపడింది శత్రుత్వం.

తెలుగులో ఈ శిక్షణ లేకుండా టేపులు రాసుకుంటే ఎంత పొరపాటు పడతామో నేను చూశాను. ఒక తండ్రి కొడుకు గురించి “దొరగారు పదింటికి లేచారండీ, కాఫీ పుచ్చుకున్నారు” అన్నాడు. కాగితం మీద అది మర్యాద. వింటే నిప్పు. ఇంకో తల్లి “వీడు నా ప్రాణం తీస్తున్నాడమ్మా” అంటూనే కొడుకు తల నిమురుతోంది. కాగితం మీద అది విమర్శ. అందుకే మాటలు ఎక్కించుకున్న కాగితంతో పాటు ఆడియో కూడా దగ్గర పెట్టుకుని కోడింగ్ (ఏది విమర్శ, ఏది ఆప్యాయత అని గుర్తులు పెట్టడం) చేయండి, మీతో పాటు ఇంకొకరు విడిగా చేసి పోల్చాలి. మన భాషలో ఇంకో సౌకర్యం ఉంది, దాన్ని వదులుకోకండి. ‘మనం’, ‘మేము’ రెండూ ఉన్నాయి మనకు. ‘మనం’లో వినేవాళ్ళూ కలుస్తారు, ‘మేము’లో చెప్పేవాళ్ళు తనవాళ్ళనుకున్నవాళ్ళే ఉంటారు. భార్య ‘మేము’ అన్నప్పుడు అందులో భర్త ఉన్నాడా, లేక తానూ పిల్లలేనా? నా టేపుల్లో ఒకావిడ గంటసేపట్లో ఒక్కసారి కూడా భర్తను ‘మేము’లో కలపలేదు. ఏ స్కేలూ అడగని సంగతి అది.

స్కేలు వాడొద్దనడం లేదు. 1983లో వచ్చిన మెక్‌మాస్టర్ ఫ్యామిలీ అసెస్‌మెంట్ డివైస్‌ (కుటుంబం ఎలా నడుస్తోందో కొలిచే ప్రశ్నావళి) ఇప్పటి రూపంలో 60 వాక్యాలున్నాయి, ప్రపంచమంతా వాడుతున్నారు. కానీ తెలుగులోకి తెచ్చాక నాలుగైదు ఇళ్ళలో చదివించి, ప్రతి వాక్యానికీ “ఇది మీకు ఎలా అర్థమైంది?” అని అడగండి. నిర్ణయాలు తీసుకోవడం మీ ఇంట్లో కష్టమా అని నేను అడిగితే ఒకావిడ “అస్సలు కష్టం కాదు” అంది. ఎందుకంటే ఆయన ఒక్క నిమిషంలో తేల్చేస్తాడట, మిగతావాళ్ళు నోరెత్తరట. స్కోరు మాత్రం ఆరోగ్యకరమైన కుటుంబం అని వచ్చింది. ఒకే ఇంటినుంచి ఇద్దరిని తీసుకుంటే వాళ్ళను ఇద్దరు వేరువేరు మనుషులుగా లెక్కేయకండి, యాభై జంటలు వందమంది కారు. స్టాటిస్టిక్స్ చూసేవారికి ఇది మొదటే చెప్పండి, దీనికి విడిగా పద్ధతులున్నాయి.

మీ పరిస్థితిలో నేనైతే వందను ముప్పై ఇళ్ళు చేస్తాను. ఇంటికి ఇద్దరు, భర్తా భార్యా, వేరువేరుగా. ఇద్దరిచేతా గడిచిన ముప్పై రోజుల క్యాలెండర్ నింపిస్తాను. టైమ్‌లైన్ ఫాలోబ్యాక్ అని లిండా సోబెల్, మార్క్ సోబెల్ తయారుచేసిన పద్ధతి ఇది. జీతం వచ్చిన రోజు, సంత రోజు, పెళ్ళికెళ్ళిన రోజు గుర్తుపెట్టుకుని ఏ రోజు ఎంత తాగారో వెనక్కి నడుస్తూ రాయాలి. ‘కొంచెం’ అంటే వదిలేయకండి, నైంటీనా క్వార్టరా అడగండి. ఇద్దరి క్యాలెండర్లూ పక్కపక్కన పెడితే ఎక్కడ కలవలేదో ఆ తేదీలే మీ తర్వాతి ఇంటర్వ్యూ. ఆ ముప్పైలో ఆరిళ్ళను ఎంచుకుని లోతుగా మాట్లాడితే చాలు. టైటిల్‌లో ‘థెరపీ ప్రభావం’ తీసేసి ‘భార్యాభర్తల కథనాల్లో తేడాలు’ అని పెట్టుకుంటే వైవాలో (మౌఖిక పరీక్షలో) నిలబడతారు. ఈ మాట గైడుకు చెప్పడానికి టెన్షన్ పడకండి, లెఫ్ 24 మంది లెక్క చూపించండి.

అంగీకారం ఇంటిపెద్ద ఒక్కడి సంతకంతో అయిపోదు, ప్రతి మనిషి దగ్గరా విడిగా తీసుకోండి. భార్య చెప్పింది భర్తకు, భర్త చెప్పింది భార్యకు ఒక్క ముక్క చేరకూడదు. కానీ ‘ఏదైనా రహస్యంగా ఉంచుతాను’ అని మాటివ్వకండి. పిల్లల మీద లైంగిక హింస తెలిస్తే పోక్సో చట్టం ప్రకారం తెలియజేయక తప్పదు, ఆ సంగతి ముందే చెప్పాలి. కొట్టడం గురించి జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో కూడా ఇంటికి ఒక్క ఆడమనిషినే, ఒంటరిగా ఉంటేనే అడుగుతారు. చాటు దొరక్కపోతే ఆ ప్రశ్నలే అడగరు. మీరూ అంతే చేయండి. మహిళా హెల్ప్‌లైన్ 181 నంబరు మీ దగ్గర రాసిపెట్టుకోండి, అడిగితే ఇవ్వడానికి.

ప్రశ్నావళి మొదటి పేజీలో వయసు, చదువు, ఆదాయం గళ్ళ పక్కన ఇంకో గడి గీయండి: ‘మాట్లాడేటప్పుడు గదిలో ఎవరెవరున్నారు, మధ్యలో ఎవరొచ్చారు’. నేను ఆ గడి గీసుకున్నది పదకొండో ఇంటినుంచి. ముందు పదీ మళ్ళీ తిరిగాను.