రాయబారికి స్త్రీలింగం ఉందా?

సందేహం: మా అమ్మాయి బడిలో రాసిన వ్యాసంలో ‘సి.బి. ముత్తమ్మ మన దేశపు తొలి మహిళా రాయబారిణి’ అనే వాక్యం ఉంది. టీచరు ‘రాయబారిణి’ని కొట్టేసి ‘రాయబారి’ అని దిద్దారు. అధికారిణి, విద్యార్థిని ఒప్పయినప్పుడు ఇది ఎలా తప్పు?

సమాధానం: టీచరు దిద్దింది సబబే. అధికారి, విద్యార్థి అన్నవి సంస్కృతంలో ‘అధికారిన్’, ‘విద్యార్థిన్’ శబ్దాలు. స్త్రీలింగంలో వాటికి ‘ఇని’ రావడం ఆ భాష నియమం. అధికారిణిలో రేఫ (ర) ప్రభావంతో నకారం ణకారమైంది. విద్యార్థినిలో నడుమ థకారం అడ్డు వచ్చింది కనుక మారలేదు. (‘విద్యార్థిణి’ అని రాసేవారు ఇది గమనించాలి.) రాయబారి అలాంటిది కాదు. రాయబారం నుంచి మనం చేసుకున్న మాట అది. సంస్కృతంలో ‘రాయబారిన్’ అనే శబ్దమే లేనప్పుడు దానికి ‘ఇని’ ఎక్కడిది? పైగా ‘మహిళా’ అని ముందే చెప్పాక చివర మళ్లీ స్త్రీ ప్రత్యయం దేనికి?

సంస్కృతం నుంచి వచ్చిన మాటలకు కూడా ఈ ప్రత్యయం అన్నిచోట్లా అవసరం లేదు. మహిళ మంత్రి అయితే మంత్రిణి అనడం లేదు కదా! శాస్త్రవేత్త, దౌత్యవేత్త ఇద్దరికీ చెల్లుతున్నాయి. ‘దూత’కు స్త్రీలింగం చేస్తే మరీ చిక్కు. కావ్యాల్లో దూతిక అంటే నాయికా నాయకుల మధ్య ప్రేమ సందేశాలు మోసే చెలికత్తె.

ఇక వాక్యంలోని విషయం. 1947లోనే విజయలక్ష్మీ పండిట్ మాస్కోలో మన రాయబారి అయ్యారు. అయితే ఆమె రాజకీయాల నుంచి వెళ్లారు. కొడగు బిడ్డ ముత్తమ్మ పోటీ పరీక్ష రాసి, 1949లో విదేశాంగ సర్వీసులో చేరిన తొలి మహిళ. 1970లో హంగరీకి రాయబారిగా వెళ్లారు. తర్వాత ఘనాలో హైకమిషనర్ అయ్యారు. కామన్వెల్త్ దేశాలు ఒకదానికొకటి పంపుకొనే రాయబారికి ఆ పేరు. హోదా ఒక్కటే.

పెళ్లి చేసుకుంటే రాజీనామా చేస్తానని చేరేటప్పుడే ఆమె హామీపత్రం ఇవ్వవలసి వచ్చింది. మగ అధికారులకు ఆ షరతు ఉండేది కాదు. పెళ్లికి ప్రభుత్వ అనుమతి తీసుకోవాలన్న నిబంధన కూడా అప్పట్లో మహిళలకే ఉండేది. ప్రభుత్వం తనకు పదోన్నతి నిరాకరించినప్పుడు ఆమె సుప్రీంకోర్టుకు వెళ్లారు. విచారణ ముగిసేలోగా ప్రభుత్వం పదోన్నతి ఇచ్చింది. అందువల్ల కోర్టు పిటిషన్‌ను కొట్టివేసినా, 1979 తీర్పులో జస్టిస్ కృష్ణయ్యర్ ఆ నిబంధనల్లోని స్త్రీ వివక్షను గట్టిగా తప్పుపట్టారు. ఆమె ఆ తర్వాత నెదర్లాండ్స్‌లో రాయబారిగా పనిచేశారు.

ఆడవారికి వేరే నిబంధన ఎందుకని పోరాడిన మనిషికి మనం వేరే పదవీనామం తగిలించడం నాకు సమ్మతం కాదు. మీ అమ్మాయి వాక్యాన్ని ఇలా మార్చుకోమనండి: ‘విదేశాంగ సర్వీసు నుంచి రాయబారి అయిన తొలి భారతీయ మహిళ సి.బి. ముత్తమ్మ.’