గోడ వెనక ఫిరంగి ఎలా పేలేది?

ప్రశ్న: సియాటిల్ దగ్గర అబ్బాయి వాళ్ళింటికి వచ్చామండి. విడ్‌బీ ఐలాండ్‌లో ఫోర్ట్ కేసీ పార్కు చూపించాడు. ఫిరంగులేమో అంత పెద్దవి, ముందేమో కాంక్రీట్ గోడ అడ్డం, మరి ఎలా కాల్చేవాళ్ళు? అక్కడ యుద్ధం జరిగిందా?
- ఒక పాఠకురాలు

జవాబు: భలే మంచి ప్రశ్న అడిగారండీ. ఆ 10 అంగుళాల ఫిరంగి మన ఏతం లాంటిదే, కింద బోలెడు బరువు వేలాడుతూ ఉంటుంది, మందు కూరి లాక్ వదలగానే ఆ బరువు దిగి ఫిరంగి గోడ మీదకి లేస్తుంది, పేలిన ఊపుకి మళ్ళీ వెనక్కి వాలి గోడ చాటుకి దిగిపోతుంది, అప్పుడు సైనికులు కింద సేఫ్‌గా నిలబడి మళ్ళీ లోడ్ చేసేవాళ్ళు, దూరంగా ఉన్న ఓడకి ఏమీ కనపడదు. నాకైతే ఇది చాలా గొప్ప ఇంజనీరింగ్!

యుద్ధం మాత్రం జరగలేదు. 1890ల చివర్లో ఈ కోటని కట్టడం మొదలెట్టారు, ఫోర్ట్ వర్డెన్, ఫోర్ట్ ఫ్లాగ్లర్‌తో కలిపి ఈ మూడు కోటలూ బ్రెమర్టన్‌లో అమెరికా యుద్ధనౌకలు బాగుచేసే నేవీ యార్డుకి వెళ్ళే సముద్రదారికి కాపలా. విమానాలొచ్చాక పైకప్పు లేని ఈ ఫిరంగులకి రక్షణ లేకుండా పోయింది. అసలువి ఎప్పుడో తీసేశారు, మీరు చూసినవి 1960ల్లో ఫిలిప్పీన్స్‌లోని ఫోర్ట్ వింట్ నుంచి తెచ్చినవి.

మళ్ళీ వెళ్తే టార్చ్ పట్టుకెళ్ళండి, గోడల కింద చీకటి గదులు తప్పకుండా చూడాలి. పైన చాలాచోట్ల రెయిలింగ్ ఉండదు, మనవల చెయ్యి వదలకండి.