అమెరికా పైలట్ అమీలియా ఇయర్‌హార్ట్ విమానం ఇంతకీ దొరికిందా?

లేదు, 1937 జూలై 2న పసిఫిక్ మీద మాయమైన ఆ లాక్‌హీడ్ ఎలెక్ట్రా విమానానిదని నిర్ధారణ అయిన శకలం ఇప్పటిదాకా ఒక్కటీ దొరకలేదు.

కారణం, ఎక్కడ వెతకాలో తెలియకపోవడమే. న్యూగినియాలోని లే నుంచి అమీలియా, నావిగేటర్ ఫ్రెడ్ నూనన్ బయల్దేరింది దాదాపు 4,100 కిలోమీటర్ల దూరంలోని హౌలాండ్ దీవికి. అది రెండున్నర కిలోమీటర్ల పొడవైనా లేని ఇసుక తిన్నె. దగ్గర్లో ఉన్న ఇటాస్కా నౌకకు ఆమె గొంతు గట్టిగానే వినిపించింది, నౌక మాటలు మాత్రం ఆమెకు చేరలేదు. చివరి సందేశంలో 157-337 రేఖ (దిక్సూచిలో 157, 337 డిగ్రీల దిక్కులను కలిపే గీత) మీద ఉత్తర దక్షిణాలుగా తిరుగుతున్నామంది. ఆ రేఖ మీద ఎక్కడున్నారన్నదే చిక్కు. పైగా అక్కడ సముద్రం లోతు కొన్నిచోట్ల ఐదు కిలోమీటర్లు! అంత లోతులో ధ్వని తరంగాలతో అడుగును చూసే సోనార్ కూడా మోసపోతుంది: 2024 జనవరిలో విమానమంటూ సంచలనం రేపిన ఆకారం, నవంబరుకల్లా రాళ్ల కుప్పని తేలింది.

1940లో పసిఫిక్‌లోని నికుమరోరో దీవిలో దొరికిన ఎముకలు ఆమెవేనని రుజువైందని చాలామంది అనుకుంటారు. కాలేదు. ఆ ఎముకలు తర్వాత కనిపించకుండా పోయాయి. అవి ఆమెవే కావచ్చన్న 2018 నాటి అధ్యయనం పాత కొలతల మీద చేసిన అంచనా మాత్రమే, డీఎన్ఏ పరీక్ష కాదు.