కార్పొరేషన్ రద్దయింది, నాన్నగారి గ్రాట్యుటీ ఎవరిని అడగాలి?

మీ ప్రశ్న ఇదీ: నాన్నగారు రాష్ట్ర ప్రభుత్వ కార్పొరేషన్‌లో 27 ఏళ్ల 7 నెలలు పనిచేశారు. 2023 మార్చిలో దాన్ని మూసేశారు. చివరి బేసిక్, డీఏ కలిపి 42,000. గ్రాట్యుటీ, ఐదు నెలల జీతం రాలేదు. ఎనిమిది నెలల పీఎఫ్ జీతంలో కోశారు గానీ కట్టలేదు. శాఖ ఆఫీసులో అడిగితే "అది వేరే సంస్థ, మాకు సంబంధం లేదు" అంటున్నారు.

ఆ మాట సగమే నిజం. ముందు మూతపడింది ఏ రకం సంస్థో తేల్చుకోండి. పేరు చివర "లిమిటెడ్" ఉంటే అది కంపెనీల చట్టం కింద పుట్టిన కంపెనీ. ఆర్టీసీ లాంటివి అలా కాదు, వాటికోసమే చేసిన ప్రత్యేక చట్టం కింద ప్రభుత్వం నెలకొల్పినవి. 1950 రోడ్డు రవాణా కార్పొరేషన్ల చట్టం సెక్షన్ 39 చూడండి: కంపెనీల లిక్విడేషన్ (మూసేసి, ఆస్తులమ్మి అప్పులు తీర్చడం) చట్టాలు దానికి వర్తించవు. కేంద్రం ముందస్తు ఆమోదంతో రాష్ట్ర ప్రభుత్వం ఉత్తర్వు ఇస్తేనే మూత. ఆస్తుల్లోంచి బాకీలు తీరాకే మిగిలింది పెట్టుబడి పెట్టినవాళ్లకు. (ఏపీఎస్ఆర్టీసీ సిబ్బంది 2020 జనవరి 1న ప్రభుత్వంలో విలీనమయ్యారు, కార్పొరేషన్ రద్దు కాలేదు. దాన్ని మీ కేసులో ఉదాహరణగా వాడొద్దు.)

ఇలా ప్రత్యేక చట్టం కింద పుట్టిన సంస్థ అయితే మీకు కావాల్సింది రద్దు జీవో. అందులో "ఆస్తులు, హక్కులు, అప్పులు, బాధ్యతలు ప్రభుత్వానికి సంక్రమిస్తాయి" అన్న వాక్యం ఉంటే సగం పని అయిపోయినట్టే. ఆస్తులు మాత్రం తీసుకుని బాధ్యతల ఊసెత్తకపోతే హైకోర్టులో మీ మొదటి పాయింటు అదే. పది రూపాయల ఆర్టీఐ దరఖాస్తులో మూడు కాగితాలు అడగండి: రద్దు జీవో, భూములు ఎవరికి బదిలీ చేశారో ఆ ఉత్తర్వు, చివరి ఆడిట్ బ్యాలెన్స్ షీట్. బ్యాలెన్స్ షీట్‌లో గ్రాట్యుటీ ప్రొవిజన్ (దానికోసం పక్కన పెట్టిన మొత్తం) పక్కన ఎల్ఐసీ గ్రూప్ గ్రాట్యుటీ పథకం ప్రస్తావన ఉందేమో చూడండి. ఉంటే ఆ డబ్బు ట్రస్టుది, మిగతా అప్పులవాళ్లకు పోదు.

కంపెనీ అయితే, "రిజిస్టర్లోంచి పేరు కొట్టేశారు, ఇక అడగడానికి ఎవరూ లేరు" అన్న మాట నమ్మొద్దు. 2013 కంపెనీల చట్టం సెక్షన్ 250 ప్రకారం బాకీలు తీర్చే మేరకు కంపెనీ బతికున్నట్టే లెక్క. సెక్షన్ 252 కింద పేరు మళ్లీ చేర్చమని గెజిట్ ప్రకటన నుంచి 20 ఏళ్ల లోపు కంపెనీ లా ట్రిబ్యునల్ ఎన్‌సీఎల్‌టీకి వెళ్లొచ్చు. వెళ్లగలిగేవాళ్ల జాబితాలో కార్మికుడి పేరు చట్టంలోనే ఉంది. ఐబీసీ (దివాలా చట్టం) కింద లిక్విడేటర్ ఉంటే గడువులోగా ఫారం ఈ (ఉద్యోగి తన బాకీ కోరే పత్రం) వేయాలి. అక్కడ కార్మికుల 24 నెలల బాకీ తాకట్టు అప్పులవాళ్లతో సమానం, మిగతా ఉద్యోగుల 12 నెలల బాకీ ఒక మెట్టు కింద.

గ్రాట్యుటీ లెక్క తేలిక. ఆరు నెలలు దాటింది కాబట్టి 28 ఏళ్లు. 42,000ను 15తో హెచ్చించి 26తో భాగిస్తే 24,230.77, దాన్ని 28తో హెచ్చిస్తే 6,78,462 రూపాయలు. 20 లక్షల పరిమితి లోపే. ఆలస్యానికి ఏటా 10 శాతం సాధారణ వడ్డీ. 2025 నవంబరు 21 నుంచి సామాజిక భద్రతా కోడ్ అమల్లోకి వచ్చినా, మీకు హక్కు పుట్టింది 1972 గ్రాట్యుటీ చెల్లింపు చట్టం కిందే.

ఎవరి మీద వేయాలన్నది అసలు చిక్కు, జవాబు ఆ చట్టంలోనే ఉంది. సెక్షన్ 2(ఎఫ్) ప్రకారం ప్రభుత్వ అదుపులోని సంస్థకు పర్యవేక్షణ అధికారిని నియమించి ఉంటే ఆయనే యజమాని, లేకపోతే ఆ శాఖాధిపతి. ఎండీ పోస్టే లేనప్పుడు "సంబంధం లేదు" అన్న జవాబు ఇక్కడ నిలవడం కష్టం. ముందు ఫారం ఐ (గ్రాట్యుటీ కోరే దరఖాస్తు) శాఖకు రిజిస్టర్డ్ పోస్టులో పంపి, తర్వాత కంట్రోలింగ్ అథారిటీ (గ్రాట్యుటీ తగాదాలు తేల్చే అధికారి) దగ్గర ఫారం ఎన్ (చెల్లించమని ఆదేశం కోరే అర్జీ) వేయండి. 90 రోజుల గడువు దాటింది కాబట్టి జాప్యం మన్నించమని కారణాలతో విడిగా అర్జీ జత చేయాలి. ఇక్కడ చాలామంది తప్పు గుమ్మం ఎక్కుతారు. సంస్థకు రాష్ట్ర విభజన తర్వాత హైదరాబాద్‌లోనూ ఆంధ్రలోనూ బ్రాంచీలుంటే, అది ఒకటి కంటే ఎక్కువ రాష్ట్రాల్లో ఉన్న సంస్థ. అప్పుడు అధికారం రాష్ట్ర కార్మిక శాఖది కాదు, కేంద్ర లేబర్ కమిషనర్ యంత్రాంగానిది. ఏ రాష్ట్రం ఎంత మోయాలన్నది విభజన చట్టం సెక్షన్ 53 గొడవ: యూనిట్లు ఉన్న చోటును బట్టి, హెడ్డాఫీసు జనాభా నిష్పత్తిలో, ఆంధ్రకు 58.32, తెలంగాణకు 41.68. అది రెండు ప్రభుత్వాలు తేల్చుకోవాల్సింది. ఇద్దరినీ పార్టీలుగా చేర్చి వదిలేయండి.

జీతం బాకీకి హైకోర్టులో రిట్ (ప్రభుత్వాన్ని ఆదేశించమని కోరే పిటిషన్). 2003లో సుప్రీంకోర్టు రెండు రకాలుగా మాట్లాడింది. ఏ.కె. బిందాల్ కేసులోను, బాలానగర్‌లో ప్లాంటున్న ఐడీపీఎల్ అధికారుల కేసులోను కంపెనీ వేరు, ప్రభుత్వం వేరు, వేతన సవరణ భారం ప్రభుత్వానిది కాదంది. కపిలా హింగోరానీ కేసులో బిహార్ సంస్థల్లో ఏళ్ల తరబడి జీతాల్లేక జనం చనిపోతుంటే, ముందు 50 కోట్లు జమ చేయమని రాష్ట్రాన్ని ఆదేశించింది. ఓడినవాళ్లు అడిగింది పెంపు, గెలిచినవాళ్లు అడిగింది చేసిన పనికి కూలి. అందుకే పీఆర్‌సీ అరియర్స్ (వేతన సవరణ బకాయిలు), జీతం బాకీ ఒకే పిటిషన్‌లో కలపొద్దు. కలిపితే మొదటిది రెండోదాన్ని ముంచుతుంది.

పీఎఫ్‌కు పాస్‌బుక్, ఆ ఎనిమిది నెలల పేస్లిప్పులు పక్కపక్కన పెట్టి ఈపీఎఫ్‌ఓకు 7ఏ విచారణ (యజమాని కట్టాల్సిన పీఎఫ్ ఎంతో తేల్చేది) కోరుతూ ఫిర్యాదు ఇవ్వండి. సెక్షన్ 11 ప్రకారం పీఎఫ్ బాకీ సంస్థ ఆస్తుల మీద మొదటి ఛార్జి, అంటే ముందుగా తీరాల్సింది. పీఎఫ్ ఖాతాలో నిష్క్రమణ తేదీ (ఉద్యోగం ముగిసిన తేదీ) వేసేవాళ్లు లేరని ఆగిపోవద్దు, చివరి చందా పడిన రెండు నెలల తర్వాత సభ్యుడే పోర్టల్లో వేసుకోవచ్చు.

ఈలోగా ఎవరైనా చిన్న మొత్తం చేతిలో పెట్టి "ఫుల్ అండ్ ఫైనల్" అన్న రసీదు మీద సంతకం అడిగితే, పక్కనే "పాక్షిక చెల్లింపు, మిగతా హక్కులు వదులుకోలేదు" అని నాన్నగారి చేతిరాతతో రాయించి, ఫోటో తీసుకున్నాకే ఇవ్వండి.